జెర్రిపోతు చస్తే పందికొక్కుకు పండగ

మేము పోయేసరికే పాము చచ్చిపడి ఉన్నది. పాతబస్తీలో ఒక మండీ వెనకాల సందు. లారీలోంచి దించిన బియ్యం బస్తాలు ఒక పక్క, చిరిగిన గోనెసంచులు ఒక పక్క, మధ్యన మురుగుకాల్వ. ఆ కాల్వ గట్టు మీద ఆరడుగుల పాము. తల చితికిపోయింది గానీ తోక ఇంకా కొద్దికొద్దిగా కదులుతున్నది. చుట్టూ పాతికమంది జనం. కర్ర పట్టుకున్న హమాలీ చేతులు ఇంకా వణుకుతున్నాయి. "నాగుబాము సార్, నాగుబాము! బస్తా ఎత్తంగనే బుస్సుమన్నది" అన్నాడు. పాన్‌డబ్బా ముందు నిలబడ్డ ఒక ముసలాయన మాత్రం వంగి చూసి, "నాగ్ నై మియా, ధామన్ హై. చూహే ఖానే ఆయా థా బేచారా" అని తల ఆడించుకుంటూ వెళ్లిపోయాడు.

ముసలాయన అన్నదే నిజం. ఉర్దూలో, హిందీలో ధామన్ అనేది మన జెర్రిపోతునే. దానికి విషం లేదు. విషపు కోరలే లేవు. గోదాములో తిరిగే ఎలుకల కోసం వచ్చి బస్తాల కింద పడుకున్నది. నడుం దగ్గర లావుగా ఒక బొడిపె కనపడుతున్నది. ఆ రాత్రే ఏదో ఎలుకను మింగి ఉంటుంది.

ఈ మాట మేము చెప్తే హమాలీ మా వంక అదోలా చూశాడు. "మేమెట్ల గుర్తుపట్టాలె సార్? బస్తా నెత్తిమీదుంటది. చీకట్ల చెయ్యి పెట్టాలె. మాకు పామంటే పామే గద" అన్నాడు. ఆ ప్రశ్నకు జవాబు చెప్పకుండా అతన్ని మూఢుడని తీసిపారేయడం మాకు చేతకాలేదు. అందుకే ఈ వ్యాసం.

కూలిరేట్లు, పట్టాలు, ఎరువుల ధరలు ఉండగా రైతుకూలీల శీర్షికలో పాముల సంగతి దేనికని కొందరు మిత్రులు అడగవచ్చు. 2000 నుంచి 2019 వరకు ఇరవై ఏళ్లలో మన దేశంలో పాముకాటుతో చనిపోయినవారు పన్నెండు లక్షలని పరిశోధకులు లెక్కగట్టి 2020లో ప్రకటించారు. సగటున ఏడాదికి 58,000 మంది. ఎక్కువ చావులు జరిగిన ఎనిమిది రాష్ట్రాలలో ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ ప్రాంతం ఒకటి. చావుల్లో దాదాపు సగం జూన్ నుంచి సెప్టెంబరు దాకా, అంటే దున్నకాలు, నాట్లు, కలుపుతీతల రోజుల్లో జరిగాయి. పోయినవారు ఎవరో వేరే చెప్పాలా? బురదలో వట్టికాళ్లతో దిగేవాళ్లు, నేల మీద పడుకునేవాళ్లు, దీపం లేని దారిన ఇంటికి నడిచి వచ్చేవాళ్లు. ప్రపంచ ఆరోగ్య సంస్థ సయితం పాముకాటును నిర్లక్ష్యానికి గురైన జబ్బుల జాబితాలో చేర్చింది 2017లో మాత్రమే. పేదవాడి చావు లెక్కకెక్కడానికి అంతకాలం పట్టింది.

కనుక హమాలీ భయం ఉత్త భయం కాదు. దానికి కారణం ఉన్నది. కానీ ఆ భయంతో లేచిన కర్ర ఎవరి మీద పడుతున్నది, దానివల్ల ఎవరు బాగుపడుతున్నారు అన్నది చూడాలి.

పెదవి మీద నల్లగీతలు

మన దేశంలో మూడువందలకు పైగా పాముజాతులున్నాయి. విషం ఉన్నవి అరవై దాకా ఉంటాయి. వాటిల్లోనూ ఊళ్లలో, పొలాల్లో మనిషిని చంపేవి ముఖ్యంగా నాలుగు: నాగుపాము, కట్లపాము, రక్తపింజరి, ఇసుకపింజరి. ఈ నాలుగింటికీ కలిపి తయారుచేసిన విరుగుడు మందే ఆస్పత్రుల్లో ఇస్తున్నారు. జెర్రిపోతు ఈ లెక్కలో లేదు.

అయినా నాగుపాము తర్వాత ఎక్కువ దెబ్బలు తినేది జెర్రిపోతే. దాని పాపం దాని ఒడ్డూ పొడుగూ. అయిదారడుగులు మామూలు, ఏడెనిమిది అడుగులవీ కనిపిస్తాయి. రంగుకు ఒక పద్ధతి లేదు. ఒకచోట ఎండుగడ్డి పసుపు, ఒకచోట గోధుమ, మరొకచోట దాదాపు నలుపు. వెనక సగాన, తోక వైపు పోనుపోను నల్లటి అడ్డచారలు. కళ్లు పెద్దవి, పాప గుండ్రం. అన్నిటికంటే మంచి గుర్తు పెదవుల మీద ఉన్నది. పై పెదవి, కింది పెదవి పొలుసుల అంచున నిలువుగా నల్లటి గీతలుంటాయి. గోనెసంచి మూతికి దబ్బనంతో కుట్టు వేసినట్టు కనపడుతుంది. నాగుపాముకు ఆ కుట్టు ఉండదు. నాగుకు తలా మెడా దాదాపు ఒకే మందం, జెర్రిపోతుకు మెడ సన్నగా, తల విడిగా తెలుస్తుంది.

పడగ సంగతి అందరికీ తెలిసిందే. కానీ పడగ విప్పని నాగు, పారిపోతున్న నాగు, జెర్రిపోతు లాగే ఉంటుంది. ఇక జెర్రిపోతును మూలకు నెడితే అది కూడా ఊరుకోదు. తల పైకెత్తి, గొంతు ఉబ్బించి, కుక్క గుర్రుమన్నట్టు ఒక ధ్వని చేస్తుంది. మన హమాలీ విన్న బుస్సు అదే. తేడా ఏమిటంటే నాగు మెడను వెడల్పుగా, చేట లాగా పరుస్తుంది. జెర్రిపోతు మెడ నిలువుగా, పక్కల నుంచి నొక్కినట్టు ఉబ్బుతుంది. భయంలో ఉన్న మనిషికి చేటా, నిలువూ చూసే తీరిక ఎక్కడిది అంటే, నిజమే. అందుకే ఈ గుర్తులు దూరం నుంచి చూసి నేర్చుకోవలసినవి, చెయ్యి పెట్టి పరీక్షించవలసినవి కావు.

ఇక్కడ ఒక మాట గట్టిగా చెప్పాలి. ఏ పాము కరిచినా, "జెర్రిపోతే లెమ్మ"ని ఇంట్లో కూర్చోవద్దు. జెర్రిపోతు కరిస్తే రక్తం కారుతుంది, మంట పుడుతుంది, సబ్బునీళ్లతో కడిగి ధనుర్వాతం సూది వేయించుకుంటే చాలు. కానీ కరిచింది అదేనని తేల్చవలసింది డాక్టరు. కాలికి కడియం, మెట్టెలు, చేతికి గాజులు ఉంటే వాపు రాకముందే తీసెయ్యాలి. కరిచిన కాలునో చేతినో కదలకుండా బద్ద కట్టి, మనిషిని నడిపించకుండా తీసుకుపోవాలి. తాడు బిగించి కట్టడం, బ్లేడుతో కొయ్యడం, నోటితో పీల్చడం, కోడిపిల్లను పెట్టడం, ఇవేవీ వద్దు. పామును చంపి సంచిలో వేసుకుపోవలసిన పని కూడా లేదు. మూసీ ఒడ్డునే ఉస్మానియా దవాఖాన ఉన్నది. పల్లెల్లో వాళ్లకు అంత దగ్గర ఏదీ లేకపోవడమే అసలు రోగం.

ఊళ్లలో పాము పేరు కూడా ఎత్తరు, "పురుగు ముట్టింది" అంటారు. ముట్టిన వెంటనే మంత్రగాడి దగ్గరికి మోస్తారు. మంత్రగాడికి పేరెలా వచ్చింది? అతని దగ్గరికి వచ్చిన కాట్లలో చాలావాటికి అసలు విషమే లేదు. ఒకటి జెర్రిపోతుది, ఇంకొకటి నీరుకట్టెది, మరొకటి నాగుదే అయినా విషం వదలని ఉత్తకాటు. వీళ్లంతా మంత్రం లేకపోయినా బతికేవాళ్లే. బతికినవాళ్లు ఊరూరా చాటుతారు. నిజంగా విషమెక్కి చచ్చినవాడు నోరు విప్పి చెప్పలేడు. మంత్రగాడి కీర్తికి పెట్టుబడి పెట్టింది జెర్రిపోతు, ప్రాణం ఇచ్చింది కూలి మనిషి.

పోతు అన్నంత మాత్రాన మగది కాదు

1780లలో ఈస్టిండియా కంపెనీ తరఫున విశాఖపట్నంలో పనిచేసిన పాట్రిక్ రస్సెల్ అనే వైద్యుడు కోరమాండల్ తీరపు పాములను పోగుచేసి, బొమ్మలు గీయించి, 1796లో పెద్ద పుస్తకం అచ్చు వేయించాడు. పాములను పట్టి తెచ్చిందీ, పేర్లు చెప్పిందీ మన తెలుగు జనం. కాటుకరేకుల పొడ, మేగరేకుల పొడ, బంగారుపాము, జెర్రిపోతు, ఈ పేర్లు ఇంగ్లీషు అక్షరాల్లో ఆ పుస్తకంలో ఉన్నాయి. కట్లపాము జాతికి ఇవాళ ప్రపంచమంతా వాడే శాస్త్రీయ నామం బుంగారస్ మన 'బంగారు' లోంచి పోయినదే. కాటుకరేకుల పొడకు మాత్రం, అంటే రక్తపింజరికి, రస్సెల్ వైపర్ అని దొరగారి పేరు పెట్టారు. పట్టి తెచ్చినవాడి పేరు ఏ పుటలోనూ లేదు. ఇది ఎప్పుడూ జరిగేదే.

జెర్రిపోతు శాస్త్రీయ నామం టయాస్ మ్యుకోసా. ఇరాన్, తుర్క్‌మెనిస్తాన్ నుంచి చైనా, జావా దాకా ఉన్నది. ఇదే కుటుంబంలో ఆకుపచ్చవి తూర్పు హిమాలయాల్లో, మరొక రకం ఈశాన్య రాష్ట్రాల నుంచి ఆగ్నేయాసియా దాకా ఉన్నాయి. అమెరికాలో మొక్కజొన్న గాదెల్లో ఎలుకలను తినే పాముకు మొక్కజొన్న పామనే పేరు పెట్టారు. అది జాతిరీత్యా దూరపుది, పని మాత్రం ఇదే. మన మైదానాల్లో పెద్దపాటిది ఈ ఒక్క జెర్రిపోతే. దాని పక్కన చిన్నన్నలా ఎలుకపిల్లలను తినే మేగరేకుల పొడ ఉంటుంది.

పేరు చివర 'పోతు' ఉన్నది గదా, దున్నపోతు, మేకపోతు లాగా. దాంతో జెర్రిపోతులన్నీ మగవేననీ, నాగుపాము దానికి ఆడదనీ ఒక కథ పుట్టింది. చెట్టు కింద రెండు పాములు పురి పెట్టిన తాడులా పెనవేసుకుని మూడడుగుల ఎత్తు లేస్తే "నాగుపాము, జెర్రిపోతు సయ్యాట" అని ఇప్పటికీ జనం గుమిగూడతారు, వాటి మీద కొత్తగుడ్డ విసురుతారు, పత్రికలు ఫోటోలు వేస్తాయి. అది సయ్యాట కాదు. రెండూ జెర్రిపోతులే, రెండూ మగవే. ఆడదాని కోసం కుస్తీ పడుతున్నాయి. కరుచుకోవు, ఒకదాని తలను ఒకటి నేలకు అణచాలని చూస్తాయి. ఓడింది వెళ్లిపోతుంది. నాగు నాగుతోనే కలుస్తుంది. ఆకలేస్తే జెర్రిపోతును మింగుతుంది కూడా. ఆడ జెర్రిపోతు పుట్టలోనో, బొరియలోనో పది పదిహేను గుడ్లు పెడుతుంది. రెండు నెలలకు మూరెడుకు కాస్త తక్కువ పిల్లలు బయటికొస్తాయి. చిన్నప్పుడు కప్పలు, బల్లులు, పెద్దయ్యాక ఎలుకలు, పందికొక్కులు తింటాయి.

గేదె కాళ్లకు చుట్టుకుని పాలు తాగుతుందన్న మాట పాతబస్తీ బర్రెలకొట్టాల్లోనూ విన్నాం. పాముకు పీల్చే పెదవులు లేవు, పళ్లు సూదుల్లా వెనక్కి వంగి ఉంటాయి. పొదుగుకు పెడితే గేదె ఒక్క తన్ను తంతుంది. పాము కొట్టానికి వచ్చేది దాణా బస్తాల దగ్గర చేరిన ఎలుకల కోసం. పాలు తక్కువైన నెలలో పాలవాడు ఖాతాదార్లకు ఏం చెప్పాలో తోచక ఈ కథ పుట్టించి ఉంటాడని మా అనుమానం.

పందికొక్కు రాజ్యం

పందికొక్కు అన్న తెలుగుమాట ఇంగ్లీషులోకి బ్యాండికూట్‌గా పోయింది. మన భాష నుంచి ఆ భాషకు పోయిన కొద్దిమాటల్లో అదొకటి కావడం మనకేమీ గర్వకారణం కాదు. పొలంలో పందికొక్కు, చిన్నకొక్కు వరి దుబ్బును కింద కొరికి, కంకులు కలుగులోకి ఈడ్చుకుపోతాయి. కలుగు తవ్వితే కిలోల కొద్దీ వడ్లు దొరుకుతాయి. మూడువారాలు దాటితే ఒక ఈత, ఈతకు అరడజను పైచిలుకు పిల్లలు, మూడునెలలకు ఆ పిల్లలూ ఈనుతాయి. ఈ లెక్క వేసుకుంటూ పోతే భయపడవలసింది ఎవరిని చూసో తెలుస్తుంది.

జెర్రిపోతు గొప్పతనమంతా దాని సన్నని ఒడ్డులో ఉన్నది. పిల్లి కలుగులో దూరలేదు, గుడ్లగూబ దూరలేదు. జెర్రిపోతు దూరుతుంది, ఈనిన గూడు దాకా పోయి పిల్లలతో సహా ఖాళీ చేస్తుంది. పగటిపూట తిరుగుతుంది, చెట్టెక్కుతుంది, ఈదుతుంది. ఎలుకను పట్టి, చుట్టచుట్టి చంపదు. ఒళ్లుతో నేలకు అదిమి మింగేస్తుంది.

పాతబస్తీకి ఎలుక అంటే ఏమిటో చరిత్రలో తెలుసు. 1591లో కట్టిన చార్మినారే ప్లేగు తగ్గినందుకు గుర్తని జనం చెప్పుకునే కథ. చరిత్రకారులందరూ దాన్ని ఒప్పుకోరు. కానీ 1908 మూసీ వరద తర్వాత నాలుగేళ్లు తిరగకుండానే నగరాన్ని ప్లేగు పట్టిన సంగతి కథ కాదు. 1912లో ఏర్పడ్డ సిటీ ఇంప్రూవ్‌మెంట్ బోర్డు గాలీ వెలుతురూ లేని వాడలను తీసేసి ఇళ్లు కట్టే పని నెత్తికెత్తుకోవడానికి ఆ వరదా, ఆ ప్లేగూ కారణాలు. ఇంట్లో ఎలుకలు రాలిపడుతున్నాయంటే తట్టాబుట్టా సర్దుకుని పొలాల్లో గుడిసెలేసుకునేవారని దక్కన్ పల్లెల్లో ముసలివాళ్లు చెప్పేవారు. ఎలుక మీది గోమారి మనిషిని కుట్టి ప్లేగు తెస్తుంది. ప్లేగు సద్దుమణిగినా ఎలుకజ్వరం మిగిలే ఉన్నది. ఎలుక మూత్రం కలిసిన నీటిలో, బురదలో, పగిలిన కాళ్లతో నిలబడి పనిచేసేవారికి అది పట్టుకుంటుంది. మూత్రపిండాలు, కాలేయం దెబ్బతింటాయి. ఎవరు నిలబడతారు ఆ నీళ్లలో? నాటుకూలీలు, మురుగుకాల్వలు తీసే కార్మికులు.

నల్లపొడి, గోళీలు

పామును చంపితే ఎలుక పెరుగుతుంది. ఎలుక పెరిగితే మందు కొనాలి. పొలాల్లో ఎక్కువగా వాడేది జింక్ ఫాస్ఫైడ్ అనే నల్లపొడి. నూకలు 96 పాళ్లు, నూనె 2 పాళ్లు, మందు 2 పాళ్లు కలిపి పొట్లాలు కట్టి కలుగుల్లో పెట్టమని వ్యవసాయశాఖ చెప్తుంది. కర్రతో కలపాలి, చేతికి తొడుగు ఉండాలి అని కూడా చెప్తుంది. ఆసామి కూలిమనిషికి చెప్పేది మొదటి సగమే. కడుపులోకి పోతే అది విషవాయువుగా మారుతుంది, దానికి విరుగుడు లేదు. ఎలుక కూడా తెలివైనది: ఒకసారి కొంచెం తిని జబ్బుపడి బతికితే ఆ ఎర మళ్లీ ముట్టదు. అందుకే ముందు మందు కలపని నూకలు పెట్టి మరిపించమంటారు. ఆ మందు తిని మత్తుగా తిరిగే ఎలుకను మింగిన పాము, గద్ద, గుడ్లగూబ సంగతి ఎవరూ లెక్కవేయరు.

గోదాముల్లో వేసేవి అల్యూమినియం ఫాస్ఫైడ్ గోళీలు. గాలిలో తేమ తగలగానే అదే విషవాయువు. నిబంధనల ప్రకారం శిక్షణ ఉన్నవాళ్లే వెయ్యాలి, పట్టా కప్పాలి, వాయువు పోయేదాకా ఎవరూ లోపలికి పోరాదు. మేము మాట్లాడిన హమాలీల్లో ఒకతను, "షట్టర్ తీయంగనే ఎల్లిపాయ వాసన గుప్పుమంటది, తల తిరుగుతది. చాయ్ తాగొచ్చి మల్ల బస్తా లేపుతం" అన్నాడు. ఆ ఎల్లిపాయ వాసన ఏమిటో అతనికి ఎవరూ చెప్పలేదు. బస్తాకు ఇంత అని కూలి కట్టేవారు వాయువు పీల్చినందుకు ఏమీ కట్టరు.

మేము పాములతోనే ఎలుకలన్నీ పోతాయని చెప్పడం లేదు. రాజేంద్రనగర్‌లో ఉన్న జాతీయ మొక్కల ఆరోగ్య యాజమాన్య సంస్థలో ఎలుకల నివారణ మీద శిక్షణలు జరుగుతాయి. అక్కడివారూ మందు ఒక్కటే చాలదనే అంటారు. గట్లు సన్నగా ఉంచడం, ఊరంతా ఒక్కసారే ఎరలు పెట్టడం, బుట్టలు పెట్టడం, గుడ్లగూబకు కొయ్యలు పాతడం, పామును బతకనివ్వడం, అన్నీ కలిస్తేనే. ఒకరి పొలంలో మందు పెట్టి పక్క పొలంలో వదిలేస్తే పదిరోజుల్లో మళ్లీ మొదటికే. కౌలుకు చేసేవాడు ఒంటరిగా చేయగలిగిన పని కాదిది.

బుట్ట పట్టినవాళ్లు

నాగపంచమికి నగరంలోకి పాములబుట్టలు వచ్చేవి. బుట్టలో నాగు, పక్కబుట్టలో జెర్రిపోతు. కోరలు పీకేవారు, మూతి కుట్టేవారు, నీళ్లివ్వకుండా ఎండబెట్టి పాలు పట్టేవారు. దప్పికతో తాగిన పాలు అరగక ఎన్నో చచ్చేవి. 1972 వన్యప్రాణి సంరక్షణ చట్టం కింద పాములను పట్టడం, ఆడించడం నేరం. 1995లో ఏర్పడిన ఫ్రెండ్స్ ఆఫ్ స్నేక్స్ సొసైటీ వారు అటవీశాఖతో కలిసి పండగరోజున ఈ బుట్టలను స్వాధీనం చేసుకుంటూ వచ్చారు. ఇళ్లలో దూరిన పాములను పట్టి అడవిలో వదిలే పనీ చేస్తారు. వాళ్లు ఏటా పట్టే వేలాది పాముల్లో నాగులతో పాటు జెర్రిపోతులే ఎక్కువ. మంచి పనే. కానీ బుట్ట లాక్కున్న తర్వాత పాములవాడు రాత్రికి ఏం తిన్నాడో అడిగే శాఖ ఏదీ లేదు.

అడిగిన చోట ఏం జరిగిందో తమిళనాడులో చూడవచ్చు. తోలు వ్యాపారం నడిచిన రోజుల్లో నాగు, జెర్రిపోతు తోళ్లు లక్షల కొద్దీ విదేశాలకు పోయేవి. బూట్లకు, సంచులకు. పట్టిన ఇరులర్లకు దక్కింది చిల్లర. 1976లో ఎగుమతి నిషేధించగానే వ్యాపారి వేరే సరుకు చూసుకున్నాడు, ఇరులర్లు వీధిన పడ్డారు. రోములస్ విటేకర్ అనే పాముల శాస్త్రజ్ఞుడు తోడు నిలవగా, 1978లో మద్రాసుకు దక్షిణాన వాళ్లే ఒక సహకార సంఘం పెట్టుకున్నారు. పామును చంపకుండా విషం తీసి, మళ్లీ అడవిలో వదులుతారు. మన ఆస్పత్రుల్లో ఇచ్చే విరుగుడుకు కావలసిన విషంలో పెద్దభాగం వాళ్లు ఇస్తున్నదే. 2023లో ఆ తెగకు చెందిన వడివేల్ గోపాల్, మాసి సదయ్యన్‌లకు పద్మశ్రీ వచ్చింది. మన నెల్లూరు, ప్రకాశం జిల్లాల యానాదులు కలుగులోకి కుండతో పొగ ఊది ఎలుకలను పట్టడంలో ఆరితేరినవాళ్లు. వాళ్లకు మాత్రం ఇప్పటికీ తోకకు ఇంత అని లెక్కగట్టే బేరమే.

మూసీ గడ్డిలో

పాతబస్తీ అంటే ఇరుకు సందులు, ఇటుకగోడలే అనుకునేవారు మూసీలోకి దిగి చూడాలి. నగరం వదిలిన మురుగునీటితో నదిగర్భంలో పారాగడ్డి పెంచడం ఏళ్ల తరబడి సాగుతున్నది. చాదర్‌ఘాట్ దిగువన ఒకప్పుడు అదే పచ్చదనం. నాగోలు, ఉప్పల్ వైపు ఇప్పటికీ మడులున్నాయి. ఏడాది పొడవునా కోత. మోపులు కట్టి పాతబస్తీ బర్రెలకొట్టాలకు అమ్ముతారు. నగరం నడిబొడ్డున వ్యవసాయకూలీలున్నారన్న సంగతి చాలామంది కార్యకర్తలకే తెలియదు.

జెర్రిపోతుకు ఇంతకన్నా మంచి చోటు దొరకదు. తడి, దట్టమైన గడ్డి, కప్పలు, గట్టు నిండా కొక్కుల కలుగులు. మీరాలం చెరువు పక్క పొదల్లో, పాడుబడ్డ దేవిడీల్లో, ఖబరస్తాన్ గోడల్లో ఉన్న జెర్రిపోతులు కూడా ఇలాంటి తావులే వెతుక్కుని బతుకుతున్నాయి. 2020 అక్టోబరు వానలకు చెరువులు తెగి హాఫిజ్‌బాబానగర్ లాంటి బస్తీలు మునిగినప్పుడు, మనుషులు మిద్దెలెక్కారు. నీళ్లొస్తే పాముకూ మెరకే దిక్కు. 2024లో మూసీ సుందరీకరణ పేరిట చాదర్‌ఘాట్ దగ్గర మూసానగర్, శంకర్‌నగర్ ఇళ్లగోడల మీద ఎర్రరంగు గుర్తులు వేసి, కొన్నిటిని కూల్చారు. నది ఒడ్డున రాతి గట్టూ పూలకుండీలూ వచ్చాక అక్కడ గడ్డి కోసేవారికీ, గడ్డిలో ఎలుకలు తినేదానికీ చోటుండదు. పందికొక్కుకు మాత్రం రాతిగట్టు కింద మురుగుగొట్టం ఉంటుంది.

మోపులు కడుతున్న ఒక తల్లిని పాముల సంగతి అడిగాం. యాభై ఏళ్లుంటాయి, మోకాళ్ల దాకా నల్లనీళ్లలో నిలబడి ఉన్నది. "రోజు అవుపడ్తయి బిడ్డా. గడ్డి కోస్తాంటే కాలికింద మెత్తగ తగిల్తది, జారిపోతది. బుగులే మరి. బుగులైతే కూలి ఇస్తరా?" అన్నది. బూట్లు ఎవరైనా ఇచ్చారా అంటే నవ్వింది. ఆ నీళ్లకు కాళ్లు దురదలు పెట్టి, గోళ్లు పుచ్చి ఉన్నాయి. "బూట్లు దేనికి, సున్నం రాసుకుంటం" అన్నది. పక్కనున్న పడుచుపిల్ల ఆర్నెల్ల కింద ఒక పెద్దపామును కొడవలితో రెండు ముక్కలు చేసిన సంగతి చెప్పింది. ఎట్లుండె అని అడిగితే, పసుపుపచ్చ ఒళ్లు, తోక వైపు నల్లచారలు, పెద్దకళ్లు. పడగ లేదు.

మేము పెదవి మీది కుట్టు సంగతి చెప్పాం. చచ్చిపడ్డ పాము ఫోటో చూపించాం. పిల్ల ఫోను దగ్గరికి తీసుకుని చాలాసేపు చూసింది. "గిదేనా? గిది కరిస్తే ఏం గాదా?" "విషం లేదు, అయినా కరిస్తే దవాఖానకు పోవాల్సిందే." "మరి గిన్ని రోజులు మాకెవ్వలు జెప్పలే" అన్నది.

పెద్దామె అప్పటికే మళ్లీ గడ్డిలోకి వంగింది. చేతిలో కొడవలి, రెండో చేతిలో మూరెడు కట్టె. ముందు కట్టెతో గడ్డిని రెండు దెబ్బలు కొట్టడం, ఆగడం, ఆ తర్వాత పిడికిలి పట్టి కొయ్యడం. ఆ కట్టె ఎందుకని అడిగాం. "అది బోవాలె, మనం గొయ్యాలె. దాని తొవ్వ దానిది" అన్నది తల ఎత్తకుండా.